ప్రజ అన్న మాటకు ఒక వకీలు చెప్పిన అర్థం

పనప్పాకం ఆనందాచార్యులు పేరు మా చిత్తూరు ప్రాంతంలో ఈనాడు రెండు చోట్లే వినబడుతుంది. పోటీ పరీక్షలకు చదువుకునే పిల్లలు ‘జాతీయ కాంగ్రెసుకు అధ్యక్షుడైన మొదటి తెలుగువాడు’ అని బట్టీ పడతారు. జిల్లా ప్రముఖుల జాబితాలు తయారుచేసేవారు కట్టమంచి రామలింగారెడ్డి పేరు పక్కన ఆయన పేరు కూడా చేర్చి, ఇద్దరిదీ ఒకే ఊరని ముచ్చటపడతారు. ఇక అభ్యుదయ రచయితలమైన మనం ఆయనకిచ్చింది ఒకే ఒక్క విశేషణం: మితవాది.

ఆ విశేషణం తప్పని నేననను. ఐతే విశేషణం తగిలించి పుస్తకం మూసెయ్యడం చరిత్ర రచన అనిపించుకోదు. మితవాది ఎందుకు మితవాది అయ్యాడు? ఆ మితం ఎక్కడ మొదలై ఎక్కడ ఆగింది? ఒక మారుమూల పట్నం పక్కనుంచి బయల్దేరిన వకీలు దేశాన్ని గురించి ఆలోచించడం మొదలుపెట్టినప్పుడు ఏ మాటలతో ఆలోచించాడు? ఆ మాటల్లో ఎవరికి చోటు దొరికింది, ఎవరు గడప బయట నిలబడ్డారు? ఈ ప్రశ్నలు వేసుకోకుండా పూజించినా, తిట్టినా ఫలితం ఒకటే. మనిషి కనబడడు.

1

ఆనందాచార్యులు 1843లో కట్టమంచిలో పుట్టాడు. ఇంటిపేరు పనప్పాకం, చంద్రగిరి దగ్గర ఆ పేరుగల ఊరుంది. కట్టమంచి ఇప్పుడు చిత్తూరు పట్నంలో కలిసిపోయింది గాని అప్పుడు విడి గ్రామం. చిత్తూరు ఆనాడు ఉత్తర ఆర్కాటు జిల్లాకు ముఖ్యపట్నం. చిత్తూరు పేరుతో వేరే జిల్లా ఏర్పడింది 1911లో. ఆ జిల్లా కూడా 2022లో మళ్ళీ చీలింది.

ఆయన పుట్టిన సంవత్సరమే ఈ ప్రాంతంలో మరొక పెద్ద మార్పు జరిగింది. అప్పటిదాకా తిరుమల దేవస్థానం పెత్తనం ఈస్టిండియా కంపెనీ చేతిలో ఉండేది. క్రైస్తవ ప్రభువులు హిందూ దేవాలయాలను నడపడమేమిటని ఇంగ్లండులో మతాధికారులు గొడవ చేస్తే, కంపెనీ 1843లో ఆ పెత్తనాన్ని హాథీరాంజీ మఠం మహంతు సేవాదాసుకు అప్పగించింది. ఆ తర్వాత తొంభై ఏళ్ళు, అంటే 1933 దాకా, కొండ మహంతుల చేతిలో ఉంది. ఈ సంగతి మళ్ళీ అవసరం పడుతుంది గనక పాఠకులు గుర్తుంచుకోవాలి.

ఆనాటి పల్లెలో చట్టమంటే ఏమిటో తెలుసుకోవాలంటే 1855లో వెలువడిన మద్రాసు చిత్రహింసల విచారణ సంఘం నివేదికను తలుచుకోవాలి. ఆనందాచార్యులుకు అప్పటికి పన్నెండేళ్ళు. శిస్తు కట్టలేని రైతును వంగదీసి, మెడకూ కాళ్ళకూ తాడు బిగించి ఎండలో నిలబెట్టేవారు. చేతివేళ్ళను రెండు చెక్కల మధ్య పెట్టి నొక్కేవారు. ఆ చెక్కల పనిముట్టుకు కిట్టి అని పేరు. ఈ పనులు చేసేవాడు దొర కాడు, దొర కింది తాలూకా బంట్రోతు. దొరకు తెలియకుండా జరిగిందని దొర రాసుకునేవాడు. ఈ ఘోరాన్ని లండన్ దాకా వినిపించినవారిలో ముఖ్యుడు మద్రాసు వర్తకుడు గాజుల లక్ష్మీనరసు శెట్టి. 1852లో మద్రాసు నేటివ్ అసోసియేషన్ అనే సంఘాన్ని పెట్టి, పార్లమెంటుకు అర్జీలు పంపినవాడాయన. మన దక్షిణాదిలో ఆధునిక రాజకీయం అర్జీతో పుట్టింది. అర్జీ రాయడానికి ఇంగ్లీషూ కావాలి, చట్టమూ తెలియాలి. వకీలు అవసరం అలా వచ్చింది.

చిత్తూరు కోర్టు చరిత్రలో మరొక మనిషి కూడా గుర్తుకొస్తాడు. 1819లో చిత్తూరు దగ్గర పేద కుటుంబంలో పుట్టిన కలమూరు వీరవల్లి రంగనాథశాస్త్రి. తండ్రి సర్కారు బాకీ తీర్చలేక చిత్తూరు జైల్లో పడ్డాడనీ, ఇంట్లో పితృకార్యం రోజు వచ్చినప్పుడు ఈ కుర్రవాడు జడ్జి దగ్గరికి వెళ్ళి తండ్రిని వదిలి తనను లోపల పెట్టుకోమన్నాడనీ, ఆ తెలివికి మెచ్చి జడ్జి ఇంగ్లీషు నేర్పాడనీ ఆయన జీవితకథలో చెబుతారు. తర్వాత ఆయన మద్రాసు సుప్రీంకోర్టులో దుబాసీ అయ్యాడు, స్మాల్ కాజ్ కోర్టు జడ్జి అయ్యాడు, మద్రాసు శాసనసభలో సభ్యుడయ్యాడు. ఈ కథలో మన విమర్శకులు గమనించవలసింది ఒకటుంది. తండ్రిని జైల్లో పెట్టిన కోర్టే కొడుక్కి బడి అయింది. ఆ తరం చదువుకున్నవాళ్ళందరి మనసులోనూ కోర్టుకు ఈ రెండు ముఖాలూ ఉన్నాయి. శిక్షించేదీ అదే, పైకి తెచ్చేదీ అదే. దాన్ని ద్వేషించడం వాళ్ళకు చేతకాలేదు.

2

ఆనందాచార్యులు చిన్న వయసులోనే మద్రాసు చేరాడు. పేరుమోసిన న్యాయవాది కాయలి వెంకటపతి దగ్గర పని నేర్చుకున్నాడు. 1869లో హైకోర్టు వకీలుగా నమోదయ్యాడు. మద్రాసు హైకోర్టు ఏర్పడి అప్పటికి ఏడేళ్ళు. ఆ కోర్టులో ఇంగ్లండులో చదివి వచ్చిన బారిస్టర్లది పైపీట, ఇక్కడే చదువుకున్న వకీళ్ళది కింది పీట. ఒకే కేసు, ఒకే చట్టం, ఒకే జడ్జి. నిలబడే చోటు మాత్రం వేరు. చట్టం ముందు అందరూ సమానులే అన్న మాట బూటకమని వకీలు తెలుసుకోవడానికి పల్లెకు పోనక్కరలేదు. తన కోర్టు గదిలోనే తెలుసుకున్నాడు. ఆ తరం వకీళ్ళ రాజకీయంలో వృత్తిపరమైన ఈ అవమానం పాలు తక్కువేమీ కాదు.

మరి వకీలుకు తిండి పెట్టినదెవరు? ఇది కూడా అడగాలి. 1802 నాటి శాశ్వత పైసలా జమీందార్లను చట్టబద్ధం చేసింది. మా ప్రాంతంలో శ్రీకాళహస్తి, కార్వేటినగరం, పుంగనూరు, కంగుంది జమీందారీలు ఉండేవి. వారసత్వ తగాదాలు, దత్తత తగాదాలు, అప్పుల తగాదాలు – జమీందారీ అంటే తరతరాల వ్యాజ్యం. ఒక్కొక్క దావా కింది కోర్టు నుంచి హైకోర్టుకు, అక్కణ్ణుంచి సముద్రం దాటి ప్రీవీ కౌన్సిలుకు పాకేది. ఆ దారి పొడుగునా ఫీజులు. ఆ ఫీజు రూపాయి ఎక్కడిది? రైతు కట్టిన శిస్తులోది. జమీందారీ రైతుకు భూమి మీద గట్టి హక్కు ఇచ్చిన మద్రాసు ఎస్టేట్సు భూమి చట్టం వచ్చింది 1908లో. శాశ్వత పైసలా జరిగిన నూట ఆరేళ్ళకు! ఆ తరం వకీళ్ళకు ఈ రైతు కనబడలేదని కాదు. కక్షిదారుడిగా కనబడ్డాడు, సాక్షిగా కనబడ్డాడు. దేశంగా కనబడలేదు.

ఐనా ఆ తరాన్ని ఒక ఉపద్రవం కుదిపింది. 1876–78 కరువు. బళ్ళారి, కర్నూలు, కడప, ఉత్తర ఆర్కాటు జిల్లాలతో సహా దక్షిణాది ఎండిపోయింది. దక్కను, మద్రాసు, మైసూరు ప్రాంతాల్లో చనిపోయినవారి లెక్క యాభై లక్షలు దాటుతుందని చరిత్రకారుల అంచనా. ఖజానా ఖర్చు తగ్గించడానికి వచ్చిన సర్ రిచర్డ్ టెంపుల్ కరువు పనిలోని కూలివాడికి రోజుకు ఒక పౌను ధాన్యం, ఒక అణా చాలునని తేల్చాడు. పౌను అంటే అరకిలో కన్న తక్కువ. ఎండలో రాళ్ళు కొట్టే మనిషికది. అదే సమయంలో, 1877 జనవరి ఒకటిన, ఢిల్లీలో విక్టోరియాను చక్రవర్తినిగా ప్రకటించే దర్బారు జరిగింది.

ఆ కరువు వెలిసీ వెలియని 1878లో మద్రాసులో హిందూ పత్రిక పుట్టింది. జి. సుబ్రహ్మణ్య అయ్యరు, ఎం. వీరరాఘవాచారి మొదలైన యువకులు దాన్ని మొదలుపెట్టారు. ఆనందాచార్యులు వారికి అండగా నిలబడి, ఆ పత్రికకు రాస్తూ వచ్చాడు. 1884లో ఈ ముగ్గురే ముందు నిలబడి మద్రాసు మహాజన సభను స్థాపించారు. 1885 డిసెంబరులో బొంబాయిలో జాతీయ కాంగ్రెసు తొలి సమావేశానికి చేరిన 72 మందిలో ఆయన ఒకడు. ఆ సమావేశంలో ఇండియా మంత్రికి సలహాలిచ్చే లండన్ కౌన్సిలును రద్దు చేయాలన్న తీర్మానాన్ని బలపరుస్తూ మాట్లాడాడు. మన దేశంలో పదవులు చేసి, పెన్షన్లు పుచ్చుకుని వెళ్ళిన ముసలి దొరలతో నిండిన కౌన్సిలది. వాళ్ళ చేతిలో ఈ దేశం నడవడమేమిటన్నది అభ్యంతరం. మితవాది అంటూ మనం చప్పరించేసే మనుషులు మొట్టమొదట వేలు పెట్టి చూపించింది పాలన శిఖరాన్నే.

3

1891 డిసెంబరులో నాగపూరులో ఏడవ కాంగ్రెసు. అధ్యక్షుడు ఆనందాచార్యులు. ఆయనకు ముందు అధ్యక్షులైన ఆరుగురిలో ఇద్దరు ఇంగ్లీషువాళ్ళు; తక్కినవాళ్ళు బెంగాలు, బొంబాయిలవాళ్ళు. దక్షిణాది మనిషి ఆ పీఠమెక్కడం అదే మొదలు.

ఆ కాంగ్రెసు మీద అప్పుడొక పెద్ద ఆక్షేపణ ఉండేది. 1888లో వైస్రాయి డఫరిన్ ఈ చదువుకున్నవాళ్ళు కంటికి కనబడనంత చిన్న గుంపని వెక్కిరించి వెళ్ళాడు. ఇన్ని మతాలు, ఇన్ని భాషలు, ఇన్ని కులాలున్న చోట జాతి ఎక్కడుందని ఆంగ్లో-ఇండియన్ పత్రికలు అడిగేవి. ఆనందాచార్యులు తన అధ్యక్షోపన్యాసంలో ఆ ప్రశ్నకు ఎదురు నిలబడ్డాడు. ఆయన వాదన సారాంశం ఇది: జాతిని రక్తంతోనో, మతంతోనో, భాషతోనో కొలవనక్కరలేదు. సంస్కృతంలో ‘ప్రజా’ అన్న మాటకున్న రాజకీయార్థమే దానికి సరిపోతుంది. రాజుకు ప్రతిగా నిలిచేది ప్రజ. ఒకే పాలన కింద ఉన్న పౌరులందరూ, వారి మధ్య ఎన్ని భేదాలున్నా, ఒక్క జాతి.

ఇంగ్లీషులో సాగే ఉపన్యాసంలో, ఇంగ్లీషు రాజనీతి శాస్త్రం ఇచ్చిన ఇబ్బందిని దాటడానికి, ఆయన మన భాషల్లో ఇంటింటా వాడే మాటను పట్టుకున్నాడు. ఈ ఎన్నిక వెనక చిత్తూరు ఉందని నా ఊహ. తెలుగూ తమిళమూ ఒకే వీధిలో, ఒక్కోసారి ఒకే ఇంట్లో మాట్లాడుకునే ప్రాంతం మాది. భాషతో జాతిని కొలిస్తే మా ఊళ్ళు ముక్కలవుతాయి. మతంతో కొలిస్తే నవాబుల ఆర్కాటు ముక్కలవుతుంది. ఉత్తర ఆర్కాటులో పుట్టినవాడికి ‘ఒకే పాలన కింది జనం’ అన్న నిర్వచనం పుస్తకంలోంచి ఎత్తుకురావలసినది కాదు.

ఆ నిర్వచనం విలువ మనం ఇవాళ బాగా గుర్తించాలి. ఆచారవంతుడైన వైష్ణవ కుటుంబంలో పుట్టిన మనిషి, దేశాన్ని మతంతో నిర్వచించే అవకాశం చేతిలో ఉండగా, దాన్ని పక్కన పెట్టాడు. ఆ తర్వాత ఈ దేశంలో జాతికి మతాన్ని కొలబద్ద చేసినవారు వచ్చారు. వారు తెచ్చిన నెత్తురు మనకు తెలుసు. ఒకే చట్టం కింద బతికేవారందరూ ఒకే జాతి అన్న మాట 1891లో ఎంత సూటిగా ఉందో ఇవాళా అంతే సూటిగా ఉంది.

ఐతే అది వకీలు ఇచ్చిన నిర్వచనం. దావాలో వాది ఉంటేనే ప్రతివాది ఉంటాడు. అలాగే రాజు ఉంటేనే ప్రజ. రాజు లేని ప్రజను ఆ నిర్వచనం ఊహించలేదు. జనాన్ని కూర్చినది వాళ్ళ శ్రమ కాదు, వాళ్ళ పోరాటం కాదు, వాళ్ళ మీదున్న పాలన! అంచేత ఆ ప్రజకు తోచే పని ఒకటే: రాజు ముందు నిలబడి, రాజు ఇచ్చిన మాటను రాజుకు గుర్తుచేయడం. 1858లో విక్టోరియా చేసిన ప్రకటనను ఆ తరం మాటిమాటికీ ఎత్తి చూపింది ఇందుకే. వకీలు కాగితం పట్టుకుని వాదిస్తాడు. అవతలివాడి సంతకం ఉన్న కాగితమైతే మరీ గట్టిగా వాదిస్తాడు.

అదే నాగపూరులో మరో తీర్మానం జరిగింది. ఈ దేశంలో అయిదు కోట్లమంది ఆకలి చావు అంచున బతుకుతున్నారనీ, ఆ సంఖ్య ఏటేటా పెరుగుతోందనీ కాంగ్రెసు ప్రకటించింది. అడవి చట్టాల అమలుతో పల్లెలు పడే బాధలను గురించి కూడా మాట్లాడింది. 1882 నాటి మద్రాసు అటవీ చట్టం శేషాచలం, తలకోన అడవుల అంచు పల్లెల్లో కట్టెకూ, ఆకుకూ, పశువుల మేతకూ అడ్డుపడిన సంగతి మా ప్రాంతంలో చెప్పనక్కరలేదు. కాబట్టి ఆ సభకు ఆకలి తెలియదనడం అన్యాయం. ఆకలిని అంకెగా తెలుసు. ఆ అయిదు కోట్లలో ఒక్కడికైనా ఆ పందిట్లో మాట్లాడే పీట వెయ్యాలన్న ఆలోచన మాత్రం ఎవరికీ రాలేదు.

4

నాగపూరు తర్వాత ఏడాదికి 1892 చట్టం వచ్చింది. శాసనసభల్లో అనధికార సభ్యుల సంఖ్య కొంచెం పెరిగింది. ఎన్నిక అన్న మాటను మాత్రం ఆ చట్టంలో ఎక్కడా వాడలేదు. మద్రాసు శాసనసభలోని అనధికార సభ్యులు, పట్టుమని పాతికమంది లేనివారు, ఒకరి పేరు సిఫారసు చేస్తే గవర్నర్ జనరల్ తన శాసనసభకు తీసుకునేవాడు. 1890ల నడుమ నుంచి కొత్త శతాబ్దం తొలి సంవత్సరాల దాకా మద్రాసు తరఫున ఆ చోట కూర్చున్నవాడు ఆనందాచార్యులు. రాయ్ బహదూరు బిరుదూ, సి.ఐ.ఇ. బిరుదూ కూడా ఆయనకు వచ్చాయి.

ఆ సభ ఎలాంటిదో చూడండి. బడ్జెట్టు మీద మాట్లాడవచ్చు, వోటు వెయ్యకూడదు. ప్రశ్న వెయ్యవచ్చు, వచ్చిన జవాబు మీద మళ్ళీ ప్రశ్న వెయ్యకూడదు. అధికారుల సంఖ్య ఎప్పుడూ ఎక్కువ. గెలవడం సాధ్యం కాని కోర్టులో వాదించమంటే ఎలా ఉంటుందో అలా ఉంటుంది.

ఆయన అక్కడ పట్టించుకున్న విషయాల్లో దేవాదాయాలొకటి. 1863 చట్టంతో ప్రభుత్వం దేవాలయాల నుంచి పూర్తిగా తప్పుకుంది. మఠాధిపతులనూ ధర్మకర్తలనూ లెక్క అడిగే దిక్కు లేకుండా పోయింది. మహంతుల చేతిలో తిరుమల ఏమయిందో, ఆ వ్యాజ్యం ప్రీవీ కౌన్సిలు దాకా ఎలా పోయిందో తెలిసిన ప్రాంతపు మనిషి ఆయన. దేవాదాయ చట్టాన్ని బిగించడానికి ఆయన తెచ్చిన బిల్లు చట్టం కాలేదు. మత విషయాల్లో జోక్యం చేసుకోమన్నది ప్రభుత్వం చెప్పే కారణం. కిస్తు వసూలులో లేని ఈ సంకోచం గుడి లెక్కల దగ్గర ఎందుకు వచ్చిందో ఊహించడం కష్టం కాదు. పెద్ద మఠాలు, పెద్ద జమీందారీలు ఆ ప్రభుత్వానికి పునాది రాళ్ళు.

రెండవది రాజద్రోహం చట్టం. 1897లో తిలక్‌కు 124-ఎ కింద పద్దెనిమిది నెలల శిక్ష పడింది. వెంటనే 1898లో ఆ సెక్షన్‌ను ఇంకా వెడల్పు చేసే సవరణ సభకు వచ్చింది. ప్రభుత్వం మీద ద్వేషం, తిరస్కారం కలిగించడం కూడా నేరం పరిధిలోకి వచ్చాయి. ఆ సభలో కూర్చున్న కొద్దిమంది భారతీయులు, వారిలో ఆనందాచార్యులు ఒకడు, అభ్యంతరం చెప్పారు. అధికారుల సంఖ్యాబలం ముందు ఆ అభ్యంతరం నిలవలేదు. రాజుకు ఎదురుగా ప్రజ నిలబడుతుందన్నవాడి కళ్ళముందే, నిలబడి నోరు తెరవడం నేరమని శాసనం రాసుకున్నారు. ఆ సెక్షన్ స్వాతంత్ర్యం తర్వాత కూడా ఎంతమంది రచయితల మీదా, కార్యకర్తల మీదా పడిందో ఈ పత్రిక పాఠకులకు నేను చెప్పాలా? 2022లో సుప్రీంకోర్టు దాని అమలు నిలిపింది. 2024 జూలై ఒకటిన పాత శిక్షాస్మృతితో పాటు అదీ పోయింది. ఐతే కొత్త సంహితలో 152వ సెక్షన్‌గా దానికి మరో రూపం వచ్చి కూర్చుంది.

5

వకీలు రాజకీయం ఎంత దూరం పోగలదో, ఎక్కడ దాని కాళ్ళు ఆగిపోతాయో చూపే ఉదంతం ఒకటి రాయలసీమలోనే జరిగింది. 1893 అక్టోబరులో గుంతకల్లు దగ్గర రైల్వే గేటు కాపలాదారు గూళపాళ్యం హంపన్న, తెల్ల సిపాయిలు వెంటపడి తరిమిన ఇద్దరు ఆడవాళ్ళను తన గేటు గదిలో దాచి అడ్డంగా నిలబడ్డాడు. సిపాయి తుపాకి పేల్చాడు. హంపన్న చనిపోయాడు. నిందితుడు ఇంగ్లీషువాడు గనక విచారణ మద్రాసు హైకోర్టులో జరిగింది. అతడు నిర్దోషి అని తేలి విడుదలయ్యాడు.

ఈ సంగతిని పత్రికకెక్కించి, వదలకుండా వెంటపడిన మనిషి గుత్తి ప్లీడరు పట్టు కేశవపిళ్ళె. 1885 బొంబాయి సభకు వెళ్ళినవారిలో ఆయనా ఉన్నాడు. ఐతే ఆయన మద్రాసుకు తరలిపోలేదు. గుత్తిలోనే ప్లీడరీ చేశాడు, హిందూ పత్రికకు వార్తలు రాశాడు, 1909 తర్వాత మద్రాసు శాసనసభలో కూర్చున్నాడు. 1922లో బ్రిటిష్ గయానాలోని భారతీయ కూలీల స్థితి చూసిరావడానికి వెళ్ళిన ప్రతినిధి వర్గానికి నాయకత్వం వహించాడు. గుంతకల్లులో హంపన్న స్మారకం ప్రజల చందాలతో లేచింది.

ఇద్దరు వకీళ్ళను పక్కపక్కన పెట్టి ఒకణ్ణి పెంచి, ఒకణ్ణి తగ్గించడం నా ఉద్దేశం కాదు. తేడా మాత్రం చూడాలి. నాగపూరు నిర్వచనం ప్రకారం హంపన్నా ప్రజే, సిపాయీ ప్రజే. ఇద్దరూ ఒకే రాణి పాలన కింద ఉన్నవాళ్ళు. కోర్టు తీర్పు మాత్రం వాళ్ళిద్దరూ ఒక్కటి కాదన్నది. ఆ క్షణాన చట్టం మీది నమ్మకానికి దెబ్బ తగలాలి. కేశవపిళ్ళె ఆ దెబ్బను రాతిమీద చెక్కించాడు. తీర్పు కొట్టేసిన మనిషిని జనం జ్ఞాపకం పెట్టుకున్నారు. చిన్న ఊళ్ళో మిగిలిపోయిన వకీలుకు హంపన్న ఎదురింటి మనిషి. కలకత్తా శాసనసభలోని వకీలుకు ఎంత కాదన్నా అతడొక కేసు.

6

ఆ రోజుల్లోనే విజయనగరంలో ఒకాయన కోర్టుల గురించీ, వకీళ్ళ గురించీ, దొంగ సాక్షుల గురించీ నాటకం రాస్తున్నాడు. 1892లో ప్రదర్శించి, 1897లో అచ్చు వేసి, 1909లో తిరగరాసిన కన్యాశుల్కంలో గురజాడ అప్పారావు ఆనాటి న్యాయస్థానాన్ని లోపలినుంచి చూపించాడు. అందులో గిరీశం ఒక బండివాడికి రెండు గంటలసేపు నేషనల్ కాంగ్రెసు గురించి ఉపన్యాసం దంచుతాడు. అంతా విన్న బండివాడు, కాంగ్రెసువాళ్ళు తన ఊరి హెడ్డు కనిస్టీబును ఎప్పుడు బదిలీ చేయిస్తారని అడుగుతాడు.

ఈ ఘట్టానికి మనం నవ్వుతాం. సాధారణంగా బండివాడి అమాయకత్వానికి నవ్వుతాం. నాకు మాత్రం ఆ నాటకంలో కాంగ్రెసును గురించి అడిగిన ఒకే ఒక్క రాజకీయ ప్రశ్న అదే అనిపిస్తుంది. బండివాడికి రాజు ఎవరు? విక్టోరియా కాదు, వైస్రాయి కాదు. హెడ్డు కనిస్టీబు. 1855 నివేదికలో కిట్టి బిగించిన బంట్రోతు వారసుడు. ‘రాజుకు ప్రతిగా నిలిచేది ప్రజ’ అని ఆనందాచార్యులు అన్నదాన్ని బండివాడు తన ఊరికి అన్వయించుకున్నాడు, అంతే. లండన్ కౌన్సిలు రద్దు చేయమన్న తీర్మానానికీ, ఊళ్ళో కనిస్టీబును బదిలీ చేయమన్న కోరికకూ మధ్య ఉన్న దూరమే ఆ తరం రాజకీయానికి గీసిన గీత. ఆ గీతను దాటడానికి మన ఉద్యమాలకు ఇంకో పాతికేళ్ళు, ముప్ఫయ్యేళ్ళు పట్టింది.

కులం దగ్గర కూడా ఇంతే. కాంగ్రెసు సాంఘిక ప్రశ్నలను పక్కన పెట్టి, వాటికి వేరే సాంఘిక మహాసభ చాలునన్నది. ఆ రోజుల్లో మద్రాసు వకీళ్ళలో బ్రాహ్మణులదే పైచెయ్యి. ఒకే పాలన కింద అందరూ ఒక జాతి అన్నమాట బాగానే ఉంది, ఆ అందరి తరఫునా మాట్లాడేవాడు మాత్రం ఒకే అగ్రహారం నుంచి ఎందుకొస్తున్నాడని 1916 తర్వాత బ్రాహ్మణేతరోద్యమం నిలదీసింది. కట్టమంచిలోనే 1880లో పుట్టిన రామలింగారెడ్డి ఆ పక్షాన శాసనసభకు వెళ్ళాడు. అదే రెడ్డి తన విద్యార్థి దశలో, చెరువు కట్ట నిలవడానికి ప్రాణమిచ్చిన పల్లె ఆడమనిషిని కావ్యనాయికను చేసి ‘ముసలమ్మ మరణము’ రాశాడు. ఒక ఊరి ఇద్దరు మనుషుల్లో ఒకడు ప్రజ అంటే అందరూ అన్నాడు, రెండవవాడి తరం ఆ అందరూ ఎవరని అడిగింది. ఆ అడగడం కూడా భూస్వామి వాకిలి దాకా వచ్చి ఆగిపోయింది. మాలపల్లె దాకా పోలేదు.

7

1907 డిసెంబరులో సూరతులో కాంగ్రెసు చీలింది. 1908లో ఆనందాచార్యులు కన్నుమూశాడు. అదే సంవత్సరం తిలక్‌కు మళ్ళీ రాజద్రోహం కింద ఆరేళ్ళ శిక్ష, ఇక్కడ జమీందారీ రైతుకు కొత్త భూమి చట్టం. ఒక తరం ముగిసిందనడానికి ఇంతకన్న స్పష్టమైన గుర్తులు అక్కరలేదు.

మరి ఆయన్ను ఎలా తూచాలి? ఆయన వర్గం ఏదో దాచనక్కరలేదు. బతికింది జమీందారీ వ్యాజ్యాలు పోషించిన వృత్తిలో. గౌరవం పొందింది పాలకులు పంచిన బిరుదులతో. మాట్లాడింది పాలకుల భాషలో. ఇవి నిజాలు. కిట్టి బిగించిన కాలంలో పుట్టి, పాలకుణ్ణి అతని చట్టంతోనే నిలదియ్యవచ్చునని ఒక తరానికి నేర్పినవారిలో ఆయన ఒకడన్నదీ నిజం. వంగి దండం పెట్టే రైతుకూ, నిటారుగా నిలబడి సమ్మె చేసే కూలీకీ మధ్య ఈ దేశంలో ఒక మనిషి ఉన్నాడు. అతడు కాగితం చేతబట్టుకుని వాదించే మనిషి. ఆ మధ్య మనిషి లేకుండా రెండవవాడు వచ్చాడనుకోవడం చరిత్రను గెంతి దాటడమే అవుతుంది. ఆ మధ్య మనిషే చాలుననుకోవడం మరొక గెంతు.

ప్రజ అన్న మాట ఆయన వదిలిన చోటే ఉండిపోలేదు. 1950లో రాజ్యాంగం రాజును తీసేసి ప్రజను మాత్రమే ఉంచింది. వకీలు ఊహించలేని వాక్యమది: ప్రతివాది లేని వాది. తెలుగులో మనం దానికి ప్రజాస్వామ్యం అని పేరు పెట్టుకున్నాం. ప్రజే స్వామి అన్నాం. మాట మారింది, అర్థం మారింది. వాడకం ఎంత మారిందో చూడాలంటే ఏ సోమవారమైనా చిత్తూరు కలెక్టరు ఆఫీసుకు పోతే చాలు. పట్టాదారు పాసుపుస్తకంలో పేరు తప్పు పడినవాడు, పింఛను ఆగిపోయిన ముసలామె, చెరువు కింది కాలువ ఆక్రమణకు గురైన రైతులు – చేతుల్లో అర్జీలతో వరసలో నిలబడి ఉంటారు. అర్జీ రాసిపెట్టే మనిషి ఆఫీసు బయట చెట్టు కింద కూర్చుని ఉంటాడు. అతని చేతి రాతలో మొదటి మాట నూరేళ్ళ నాటి అర్జీల్లోలాగే ఇప్పటికీ ‘మహారాజశ్రీ’ అనే ఉంటుంది.